మంగళవారం బరువు

6 ఫిబ్రవరి 2023, సోమవారం

నోరు విప్పక ఇవాళ్టికి నాలుగో రోజు. ఆపరేషన్ చేసిన డాక్టరమ్మ మూడు వారాలు ఒక్క మాట కూడా వద్దంది. గుసగుస అసలే వద్దు, అది మామూలు మాటకంటే చెడ్డదట. దగ్గు వస్తే నీళ్లు తాగాలి. నవ్వు వస్తే ఏం చేయాలో అడిగేలోపే మత్తు ఇచ్చేశారు.

ఇరవై రెండేళ్లు సోషల్ పాఠాలు అరిచి చెప్పిన గొంతు. లోపల కాయ లేచింది, తీసేశారు. తీసినదాన్ని పరీక్షకు పంపారు. అందరిదీ పంపుతారట, మామూలేనట. నేను దాని గురించి ఆలోచించడం లేదు.

ఈ నోటుపుస్తకం మా ఆయన ప్రేమ్‌సాగర్ కొనిచ్చాడు. "పొద్దుందాక మాట్లాడేదానివి, అంత లోపట్నే ఆగితే పగిలిపోతవు. ఇండ్ల రాసుకో," అని చెప్పి నందికొండకు డ్యూటీకి వెళ్లిపోయాడు. మళ్లీ శనివారమే రావడం. అందాకా ఇంట్లో నేనూ అమ్మా.

మిగతావాళ్లతో పలక మీద రాసి మాట్లాడుతున్నాను. అమ్మకు చదువు రాదు. ఈ సంగతి ఆపరేషన్‌కు ముందు ఎవరికీ తట్టలేదు.

7 ఫిబ్రవరి

కూరలో ఉప్పు తక్కువైందని సైగ చేశాను. అమ్మ లేచి ఫ్యాన్ వేసింది.

8 ఫిబ్రవరి, బుధవారం

హెడ్‌మాస్టరు వచ్చారు. సెలవులో ఉన్న మనిషికి పని చెప్పడానికి మొహమాటపడి, రెండో చాయ్ అయ్యాక గానీ చెప్పలేదు. మా పాత స్టేషన్‌ను రైల్వేవాళ్లు గ్రంథాలయానికి ఇస్తున్నారట. మార్చి ఐదున తెరుస్తారు. గోడ మీద రాయించడానికి స్టేషన్ చరిత్ర రెండు పేజీలు కావాలి.

"మీరు ఇక్కడ్నే పుట్టి పెరిగినోళ్లు మేడం. ఊకె కూసుంటే మీకు గూడ పొద్దుపోదు గదా."

ఒక పూట పని అనుకుని కూర్చున్నాను. 1978లో రాళ్ల కోసం లైను వేశారు. రెండు గుట్టల నడుమ సున్నపురాయి గని, గని పక్కన స్టేషన్, స్టేషన్ పక్కన రాళ్లు మోయడానికి ఎక్కడెక్కడి నుంచో వచ్చిన మావాళ్ల కాలనీ. తూర్పున బూరుగుబండ, పడమర తుమ్మలకుంట. 1983 నుంచి రాళ్ల బండికి రెండు ప్రయాణికుల పెట్టెలు తగిలించారు. 2004లో గనిలో నీళ్లు ఊరి పని ఆగిపోయింది. నాలుగేళ్ల తర్వాత పట్టాలు పీక్కుపోయారు.

అర పేజీ కూడా రాలేదు.

9 ఫిబ్రవరి

కురుమయ్య తాతను పిలిపించాను. స్టేషన్‌లో పాయింట్స్‌మన్‌గా చేసి రిటైరయ్యాడు. బండి ఏ పట్టా మీదికి పోవాలో ఆయన చెయ్యి లాగితేనే పోయేది. ఎనభై దగ్గర పడుతున్నాడు. ఒక్క ప్రశ్న పలక మీద రాసి పెడితే చాలు, గంటన్నర చెప్తాడు. నేను మాట్లాడగలిగి ఉంటే పది నిమిషాలకే అడ్డం తగిలేదాన్ని.

స్టేషన్ పేరు ఏమని ఉండాలని రెండు ఊళ్లూ కొట్టుకున్నాయట. మాది అంటే మాది అని. బోర్డు రాయడానికి వచ్చిన పెయింటర్ పోచయ్యకు రెండు ఊళ్లవాళ్లూ వేరువేరుగా కల్లు పోయించి, పేరు మారితే కాళ్లు విరుగుతాయని చెప్పి పోయారు.

"వాడేం జేస్తడు పాపం. బోర్డుకు ఒక దిక్కు బూరుగుబండ అని రాసిండు, ఇంకో దిక్కు తుమ్మలకుంట అని రాసిండు. పెద్దసారు తనిఖీకి వచ్చి ఒక దిక్కే సూశిండు, ఓకే అని సంతకం పెట్టిండు. బండి పోయేటప్పుడు ఒక ఊరు, వచ్చేటప్పుడు ఇంకో ఊరు. స్టేషన్ ఒక్కటే."

నవ్వు తన్నుకొచ్చింది. నోటికి కొంగు అడ్డం పెట్టుకుని ఊగిపోయాను. ఏడుస్తున్నాననుకుని ఆయన నా తల నిమిరి, "ఫికర్ జెయ్యకు బిడ్డా, గొంతు వస్తది," అన్నాడు.

10 ఫిబ్రవరి

తుమ్మలకుంట సర్పంచు శివకుమార్ ఒక సంచి బత్తాయిలతో వచ్చాడు. నేను చరిత్ర రాస్తున్న కబురు అప్పుడే అందిందన్నమాట. రాళ్ల బండికి పెట్టెలు తగిలించింది వాళ్ల నాన్న సాయిలు పటేల్ ఢిల్లీకి రాసిన అర్జీ వల్లనట. కాబట్టి గ్రంథాలయానికి తుమ్మలకుంట పేరే న్యాయమట.

వింటూ తల ఊపాను. వింటున్నానని తెలియాలి కదా.

పులుపు నాకు వద్దన్నారు. బత్తాయిలు అమ్మ తింటోంది.

11 ఫిబ్రవరి, శనివారం

బూరుగుబండ సర్పంచు పుష్ప సర్వపిండి తెచ్చింది. వేడివేడిగా, అంచులు కరకరలాడుతూ. ఢిల్లీ అర్జీ ఉత్త ముచ్చటట. వాళ్ల మామ నల్గొండకు పదకొండు సార్లు తిరిగి పెట్టెలు వేయించాడట.

"నీకు తెల్వనిదా అక్కా, నువ్వు జెప్పు," అంది.

చెప్పలేను కాబట్టి తల ఊపాను.

సాయంత్రం ప్రేమ్‌సాగర్ వచ్చి మిగిలిన సర్వపిండి తింటూ, "నీ నోరు మూతబడ్డంక మనింటికి గిరాకి పెరిగింది," అన్నాడు. పలక విసిరాను. పట్టుకున్నాడు.

12 ఫిబ్రవరి, ఆదివారం

చర్చిలో పాటలు నేనే ఎత్తుతాను, ఎప్పుడూ. ఇవాళ వెనక వరసలో కూర్చున్నాను. వేరేవాళ్లు ఎత్తారు. బాగానే పాడారు. చాలా బాగానే పాడారు.

13 ఫిబ్రవరి

రిపోర్టు ఇంకా రాలేదు. ఇంకో ల్యాబులో కూడా చూపిస్తున్నారట, వారం పడుతుందని ప్రేమ్‌సాగర్ మెసేజ్ పెట్టాడు. జాగ్రత్త కోసం చూపిస్తారు. మంచిదే.

ఇవాళ బీరువా సర్దాను. మధ్యాహ్నం మళ్లీ సర్దాను.

15 ఫిబ్రవరి

రెండు ఊళ్లలోనూ ఒకే మాట నడుస్తోందట, కురుమయ్య తాత చెప్పిపోయాడు. "టీచరమ్మ మనకే మాట ఇచ్చింది." బూరుగుబండవాళ్లు పేరు రాయించడానికి ఫ్లెక్సీ కొలతలు కూడా తీసుకున్నారు. తుమ్మలకుంటవాళ్లు డప్పులు మాట్లాడుకున్నారు.

నేను ఎవరికీ మాట ఇవ్వలేదు. తల ఊపాను, అంతే. పుష్పకు కొంచెం ఎక్కువ ఊపానేమో. సర్వపిండి నోట్లో ఉంది.

16 ఫిబ్రవరి

ఫోను బియ్యం డబ్బాలో పెట్టాను. ఎలుకలు చార్జరు వైరు కొరుకుతున్నాయని. చార్జరు బయటే ఉంది.

17 ఫిబ్రవరి, శుక్రవారం

ఇవాళ్టిది పూర్తిగా రాయాలి.

ఇంట్లో మాట లేకపోవడం అమ్మకు అలవాటు లేదు. మేమిద్దరం పొద్దున లేస్తే ఏదో ఒకదానికి వాదించుకునేవాళ్లం. పది రోజులు ఓపిక పట్టింది. ఇక పట్టలేక తనే మాట్లాడడం మొదలుపెట్టింది. మొదట కోళ్లతో. తర్వాత నాతో.

స్టేషన్ గురించి నేను ఎన్నిసార్లు అడిగినా ఇదివరకు, "ఏమున్నది బిడ్డా, రాళ్లు," అని తీసిపారేసేది. ఇవాళ చింతపండు గింజలు తీస్తూ తనే అంది.

"పటేల్ రాసిండంట, పుష్ప మామ తిరిగిండంట. వాళ్ల మొకాలు. ఆ పెట్టెలు మా ఆడోళ్ల బరువుకు వచ్చినయ్."

కళ్లతోనే అడిగాను. ఈసారి ఫ్యాన్ వేయలేదు.

మంగళవారం మంగళవారం జంక్షన్ ఊళ్లో అంగడి. నడిస్తే పోను పొద్దంతా, రాను పొద్దంతా. రోడ్డు లేదు. రాళ్ల బండేమో కళ్ల ముందే పోతుంది. ఒక మంగళవారం అమ్మా, ఇంకో నలుగురూ వ్యాగన్‌లోకి రాళ్లు గుమ్మరించి, దిగకుండా ఆ రాళ్ల మీదే కూర్చుండిపోయారు. కొంగులు కప్పుకుని. తర్వాత వారం పదిమంది. ఎండాకాలం వచ్చేసరికి నలభై మంది.

"గార్డు సారుకు తెలుసు. దిగుండ్రి దిగుండ్రి అని ఒర్లెటోడు. ఒర్లుకుంటనే పచ్చజెండ ఊపెటోడు. ఆయనకు ఆడపిల్లలే ముగ్గురు."

జంక్షన్‌లో రాళ్ల వ్యాగన్లను తూకం వేసేవాళ్లు. రోజూ సరిపోయే బరువు మంగళవారం మాత్రం ఎక్కువ చూపిస్తోంది. ఆరు నెలలు కాగితాలు నడిచాయి. కాటా చెడిపోయిందని రెండుసార్లు బాగుచేయించారు. మంగళవారం రాళ్లు ఎందుకు బరువెక్కుతున్నాయో తేల్చడానికి చివరికి ఒక ఆఫీసరు కోటు వేసుకుని వచ్చాడు.

"వచ్చి వ్యాగన్ ఎక్కి సూశిండు. రాళ్ల నడుమ మేము. నేను ముందల్నే ఉన్న, నిన్ను ఒళ్లె పెట్టుకొని. నాలుగేండ్లు నీకు. ఆయన కొద్దిసేపు మమ్ముల సూశిండు. ఎంతమంది అని అడిగిండు. మాకు ఎంచరాదు సారూ, నువ్వే ఎంచుకో అన్న. ఎంచుకున్నడు. నెలకు పెట్టెలొచ్చినయ్."

చేతిలో చింతపండు అలాగే పట్టుకుని కూర్చున్నాను. ఆ బండి మీద నేను కూడా ఉన్నానన్నమాట. నాకు ఏమీ గుర్తు లేదు. బరువులో నా వంతూ ఉంది.

నోటుపుస్తకం తెచ్చి రాస్తున్నట్టు చూపించాను. అమ్మ గింజల గిన్నె పక్కకు నెట్టేసింది.

"రాయకు. టికెట్ లేకుంట పోయినం. ఇప్పుడొచ్చి పట్టుకుంటే?"

నలభై ఏళ్ల కిందటి సంగతి, ఎవరూ రారని చెప్పాలి. చేతులు తిప్పి, వేళ్లు మడిచి, ఎంతో ప్రయత్నించాను. అమ్మ నా చేతుల్ని జాగ్రత్తగా చూసి, "గంతమంది పోలీసులా?" అంది.

18 ఫిబ్రవరి

ప్రేమ్‌సాగర్ రాలేదు. శివరాత్రి డ్యూటీ, ఘాట్ల దగ్గర జనం. అంతే. వేరే కారణం ఏమీ లేదు.

20 ఫిబ్రవరి, సోమవారం

పదకొండు గంటలకు వాకిట్లో బండి ఆగింది. సోమవారం పూట ప్రేమ్‌సాగర్. సెలవు పెట్టకుండా రాడు. హెల్మెట్ తీయకుండానే లోపలికి వచ్చాడు. గోడ పట్టుకున్నాను.

"ఏం లేదంట, స్వర్ణా. మామూలు కాయనే. రెండు ల్యాబులు అదే మాట చెప్పినయ్."

పలక ఎక్కడుందో కనపడలేదు. అతని షర్టు మీదే వేలితో రాశాను, "ఫోన్ చేయొచ్చు కదా" అని.

"ఎన్నిసార్లు జెయ్యాలె. ఎత్తితే గదా."

బియ్యం డబ్బా గుర్తొచ్చింది. ఇద్దరం వెళ్లి తీశాం. పద్నాలుగు మిస్డ్ కాల్స్. అతను నవ్వడం మొదలుపెట్టి ఆపలేకపోయాడు. నేను శబ్దం లేకుండా నవ్వి, శబ్దం లేకుండా ఏడ్చాను. అమ్మ వచ్చి ఇద్దర్నీ చూసి, ఎవరు పోయారని అడిగింది.

నందికొండ నుంచి చేపలు తెచ్చాడు. నాలుగు ముక్కలు తిన్నాను. ఇన్నాళ్లూ ఆకలి వేయలేదని ఇప్పుడు తెలుస్తోంది.

24 ఫిబ్రవరి, శుక్రవారం

డాక్టరమ్మ గొట్టం పెట్టి చూసి, బాగుందంది. రోజుకు పది నిమిషాలు మాట్లాడొచ్చు, అరవకూడదు. అక్కడ "ఆ" అనిపించింది. బావి అడుగు నుంచి ఎవరో పలికినట్టు వచ్చింది. గొంతు మారుతుంది, ఇలాగే లావుగా ఉండిపోవచ్చు అని చెప్పింది. పాడలేనా అని అడగలేదు.

ఇంటికి వచ్చాక అమ్మతో ఏం మాట్లాడాలో దారి పొడుగునా అనుకుంటూ వచ్చాను. మూడు వారాల తర్వాత మొదటి మాట, మంచిగా ఉండాలి. గడప దాటుతూనే నా నోటి నుంచి వచ్చింది:

"అమ్మా, పాలు పొంగుతున్నయ్."

అమ్మ ఇటు తిరిగింది. పాలు పొంగి పొయ్యి మీద పోతున్నాయి. కదల్లేదు. అలాగే నిలబడి నన్ను చూసింది. తర్వాత పొయ్యి కట్టేసి పెరట్లోకి వెళ్లిపోయింది.

25 ఫిబ్రవరి

పొద్దున "చాయ్ అయిందా" అన్నాను. గ్లాసు నా ముందు పెట్టి బయటికి వెళ్లింది.

27 ఫిబ్రవరి

నేను నోరు విప్పితే అమ్మ ఆ గదిలో ఉండడం లేదు. నా గొంతు అంత వికారంగా ఉందా. ప్రేమ్‌సాగర్ బాగుందంటున్నాడు. ఇరవై ఏళ్ల నుంచి మా అమ్మ ముందు అబద్ధాలు చెప్పి బతుకుతున్న మనిషి, అతని మాట ఏం నమ్మాలి.

28 ఫిబ్రవరి

మంగళవారం సంగతి అడిగేశాను. "అది రాస్తనమ్మా. అందరికీ తెల్వాలె."

వాదన ఉంటుందని పది నిమిషాలూ దాచిపెట్టుకున్నాను. అమ్మ తల వంచుకుని "సరే" అంది.

సరే. నా పెళ్లికి సరే అనడానికి ఏడాది పట్టింది ఈమెకు. జాలిపడి ఒప్పుకుంది. అంతకంటే తిట్టినా బాగుండేది.

2 మార్చి

రాయడం అయిపోయింది. రెండు పేజీల పైన నాలుగు లైన్లు. అర్జీ గురించి ఒక లైను, నల్గొండ తిరుగుడు గురించి ఒక లైను రాశాను, రెండూ అబద్ధం కాదు కాబట్టి. మిగతాదంతా నలభై మంది ఆడవాళ్లది. కురుమయ్య తాతా, అమ్మా కలిసి ఇరవై ఆరు పేర్లు గుర్తు చేసుకున్నారు. మిగతావి రావడం లేదు. పేర్లు చెప్పేటప్పుడు అమ్మ తాతకే చెప్పింది, నాకు కాదు.

5 మార్చి, ఆదివారం

అంతా అయిపోయింది. చేతులు నొప్పి పుడుతున్నాయి, అయినా రాస్తాను.

ప్లాట్‌ఫారం మీద షామియానా. ఒక పక్క బూరుగుబండ, ఒక పక్క తుమ్మలకుంట. డప్పులూ వచ్చాయి, ఫ్లెక్సీ కూడా చుట్టి తెచ్చారు. మా కాలనీవాళ్లు ఎప్పటిలా వెనక.

హెడ్‌మాస్టరు నన్ను పిలిచారు. చదివాను. మైకులో నా గొంతు నాకే కొత్తగా ఉంది. మొదటి పేజీ అయ్యేలోపు కుర్చీలు కదలడం వినిపించింది. మంగళవారం కాటా దగ్గరికి వచ్చేసరికి నవ్వులు మొదలయ్యాయి. ఆఫీసరు వ్యాగన్ ఎక్కే చోట నవ్వులు ఆగాయి. ఇరవై ఆరు పేర్లు చదివాను. వెనక ఉన్నవాళ్లు ఒక్కొక్కరే లేచి నిలబడ్డారు, తమ తల్లి పేరు వచ్చినప్పుడు, అత్త పేరు వచ్చినప్పుడు. ఎవరూ లేవమనలేదు.

చదవడం అయిపోగానే శివకుమార్ లేచాడు. "ముచ్చట మంచిగున్నది మేడం. మరి పేరు? మీరు మాకు మాట ఇచ్చిండ్రు."

"మీకెప్పుడిచ్చింది? మాకిచ్చింది," అని పుష్ప.

రెండు పక్కలా జనం లేచారు. డప్పు కర్ర ఒకటి పైకి లేచింది. నేను మైకు దగ్గరికి జరిగాను.

"నేను ఎవలకు మాట ఇయ్యలే. అప్పుడు నాకు మాటే లేదు గదా."

ముందు కురుమయ్య తాత నవ్వాడు. తర్వాత ఎవరు నవ్వారో తెలియదు, షామియానా మొత్తం నవ్వింది. పుష్ప మాత్రం కొంచెం ఆలస్యంగా నవ్వింది, సర్వపిండి గుర్తొచ్చి ఉంటుంది.

అప్పుడు రైల్వే తరఫున వచ్చిన కుర్ర ఆఫీసరు గొంతు సవరించుకున్నాడు. తమ రికార్డులో బూరుగుబండా లేదు, తుమ్మలకుంటా లేదు అని కాగితం చూపించాడు. మొదటి నుంచీ ఉన్నది "రాతి సైడింగు, మూడో నంబరు" అని ఒక్కటేనట. రాళ్లు ఎత్తే పక్క లైనును సైడింగు అంటారట. బోర్డు ఎవరు రాశారో తమకు తెలియదట. ఇప్పుడు తలుపు మీద కూడా అదే పేరు రాయాలట.

"మూడో నంబరా?" అన్నాడు శివకుమార్.

"గంతమంది కష్టపడ్డ జాగాకు నంబరా?" అంది పుష్ప.

ఇరవై నిమిషాల్లో రెండు ఊళ్లూ ఒకే చాప మీద కూర్చున్నాయి. రైల్వేకు అర్జీ. తలుపు మీద పేరు కావాలి, నంబరు వద్దు. రాసేది నేను. ఏ పేరు అన్నది తేలలేదు, చీకటి పడేదాకా తేలలేదు. బూరుగుబండ ముందా తుమ్మలకుంట ముందా అని తిట్టుకుంటూనే ఒకరి విస్తరిలోకి ఒకరు పులిహోర వడ్డించుకున్నారు. మా కాలనీ నుంచి కోమల చిన్నమ్మ లేచి, "మమ్ముల ఎవలూ అడుగుత లేరు గదా, మేమూ ఒక పేరు చెప్తం," అంది. ఆమెకూ చాప మీద జాగా ఇచ్చారు. ఇప్పుడు మూడు పేర్లు. వచ్చే ఆదివారం మళ్లీ కూర్చోవాలి.

నేనూ అమ్మా నడిచి ఇంటికి వచ్చాం. పట్టాలు లేని కట్ట మీద అమ్మ ముందు నడిచింది. నాకు పది నిమిషాలు ఎప్పుడో అయిపోయాయి. అయినా అడిగాను.

"నా గొంతు వినబుద్ధి అయితలేదా అమ్మా?"

అమ్మ ఆగిపోయింది.

"నీ గొంతు గాదు బిడ్డా గది. మా అవ్వది."

అమ్మ తన తల్లిని అవ్వ అని పిలిచేదట. నేను పుట్టడానికి మూడేళ్ల ముందే పోయింది. ఫొటో లేదు. ఎలా ఉండేదో నాకు ఎవరూ చెప్పలేదు, నేనూ ఎప్పుడూ అడగలేదు.

"పాలు పొంగుతున్నయ్ అన్నవు సూడు. యాభై ఏండ్ల తర్వాత మా అవ్వ ఇంట్లకొచ్చి ఒర్లినట్టే అయింది. నీ ముందట ఏడిస్తే, నీకు బాగలేకనే ఏడుస్తున్న అనుకుంటవని బయిటికి పోయిన. నువ్వు ఏది చెయ్యమన్నా కాదనబుద్ధి అయితలేదు."

కొంగుతో ముక్కు తుడుచుకుంది. తర్వాత, నా వైపు చూడకుండా, చిన్నపిల్లలా అడిగింది.

"ఒక్కపారి అను. 'సాలీ, పొద్దుగూకింది, ఇంటికి రాయే' అను. గట్లనే పిలిచేది నన్ను."

డాక్టరమ్మకు చెప్పను.

"సాలీ," అన్నాను. "పొద్దుగూకింది. ఇంటికి రాయే."

"వస్తున్ననే అవ్వా," అంది అమ్మ.